సముద్రాన్ని వడగట్టిన జాలీ

మా వ్యాన్ల స్టాండులో ఆయన్ని పేరు పెట్టి పిలిచేవాళ్ళు లేరు. అందరికీ టాప్ గేరే. నోరు ఒకసారి ఆ గేరులో పడిందంటే మళ్ళీ కిందికి దిగడం ఉండదు. అలాగని చెడ్డవాడు కాడు. ఎవరి బండి దారిలో మొరాయించినా ముందు పరిగెత్తేది ఆయనే. కాకపోతే చేసిన సాయం చారెడైతే, చేశాక చెప్పుకునేది బారెడు.

ఆ రోజు పొద్దున మేమంతా టీ కొట్టు ముందు చేరింది మాత్రం సరదాకి కాదు. కొట్టు వెనక ఒక చేతిపంపు ఉంది. మేమంతా చెల్లెమ్మ అని పిలిచే కొట్టామె టీ కాచేది ఆ నీళ్ళతోనే, మేం మొహాలు కడుక్కునేదీ, రేడియేటర్లో పోసేదీ అవే. కొంతకాలంగా ఆ నీళ్ళ మీద నూనె తెట్టు కడుతోంది. పాపం చెల్లెమ్మ అవతలి వీధిలోంచి బిందెలతో మోసుకొచ్చి కొట్టు నడుపుతోంది. ఆ పొద్దున ఒక గాజు గ్లాసు నిండా పంపునీళ్ళు పట్టి బల్ల మీద మా అందరి ఎదురుగా పెట్టింది. ఇలాగే ఉంటే నెలాఖరుకి కొట్టు ఎత్తేస్తానని, ఇక మొయ్యడం తన వల్ల కాదని చెప్పింది. గొంతు పెంచలేదు. పెంచి ఉంటే మాకు కాస్త సులువుగా ఉండేది, ఎదురు మాట్లాడి ఊరుకునేవాళ్ళం.

తప్పెవరిదో వెతకాల్సిన పని లేదు. ఇంజనాయిల్ మార్చినప్పుడల్లా పాత ఫిల్టర్ డబ్బాని పంపు పక్క గోడ మీంచి అవతలికి విసిరెయ్యడం మా అలవాటు. చూడ్డానికి ఖాళీ డబ్బాలాగే ఉంటుంది గానీ లోపల నల్లనూనె ఇంకా మిగిలే ఉంటుంది. అది ఏళ్ళ తరబడి కారి కారి నేలలోకి దిగింది. అందుకని షెడ్డు మెకానిక్ ఒక మాటన్నాడు. ఇక నుంచి స్టాండులో బండ్లన్నిటికీ ఒకే రకం, నేలకి చేటు చెయ్యని ఫిల్టర్ పెట్టిద్దామని. డబ్బా బండికే బిగించి ఉంటుందట, లోపలి కాగితం చుట్ట ఒక్కటే తీసి, నూనె పూర్తిగా కారనిచ్చి, కొత్తది పెట్టుకోవచ్చట. ఆయన మాట ఇంకా పూర్తి కానేలేదు, టాప్ గేరు తన టీ గ్లాసు పక్కన పెట్టి గొంతు సవరించుకున్నాడు. ఆయన బావమరిది కూడా మా స్టాండులో డ్రైవరే. "అయిపోయాం" అంటూ బెంచీ మీద సర్దుకుని కూర్చున్నాడు.

"కాగితమా? కాగితం పొట్లాలు కట్టుకోడానికి పనికొస్తుంది గానీ ఇంజనుకెందుకయ్యా? నన్నడిగితే ఈ గొడవకి మందు నా బండిలోనే ఉంది. స్టీలు జాలీ ఫిల్టరు. ఒక్కసారి కొన్నాను, అంతే. ఆయిల్ మార్చేటప్పుడు తీస్తాను, ఓ చెంబుడు కిరోసినూ, ఓ పాత బ్రష్షూ, టీ చల్లారే లోపల తళతళలాడిపోతుంది, మళ్ళీ పెట్టేస్తాను. పారేసే పనే లేదు. ఆ గోడ అవతల డబ్బాల గుట్ట ఉంది కదా, అందులో నాది ఒక్కటంటే ఒక్కటి చూపించండి, నా మీసం తీసేస్తాను. చెల్లెమ్మ పంపు పాడైందంటే మీ అందరి పుణ్యమే, నాకు అందులో వాటా లేదు."

అది నిజమే. గుట్టలో ఆయన డబ్బా లేదు. మేం తలలు దించుకున్నాం. అక్కడితో ఆపి ఉంటే ఆ పూట ఆయనదే గెలుపు.

"అసలు ఆ జాలీ పనితనం మీకు తెలీదు. మొదటిసారి ఆయిల్ మార్చినప్పుడు ఏమైందో తెలుసా? పాత ఆయిల్ కింద బేసిన్లోకి వదిలాను. చూస్తే కొత్తదానికంటే తేటగా ఉంది. పారబొయ్యడానికి మనసొప్పక సీసాలో పట్టి ఇంటికి తీసుకెళ్ళి కిటికీలో పెట్టాను. సాయంత్రం ఇంటికొచ్చేసరికి వంటింట్లోంచి ఘుమఘుమలు. మీ అక్క దాన్ని మంచినూనె అనుకుని వేపుళ్ళు చేసేసింది. పిల్లలు వేళ్ళు నాక్కుంటూ తిన్నారు."

"మా అక్కకి వాసన తెలీదా, బావా?" అన్నాడు బావమరిది.

"వాసనంటూ ఉంటే కదా తెలిసేది. కావాలంటే మీ అక్కనే అడుగు. అడగవు, నాకు తెలుసు, దాని ముందు నీకు నోరు లేవదు. సరే, అది వదిలెయ్. ఆయిలే అంత తేటగా ఉంటే ఇంక పొగ ఎలా ఉంటుంది, ఆలోచించండి. బండి సైలెన్సర్లోంచి పొగ రావడం మానేసింది. పొగ లేకపోతే ఇంజను ఆగిపోయిందేమోనని చెయ్యి పెట్టి చూశాను. చల్లగాలి. వాన వెలిసిన తర్వాత పెరట్లోకి వస్తే తగులుతుందే, అలాంటి గాలి. ఓ రోజు ఆస్పత్రి ముందు బండి ఆపి టీ తాగుతున్నాను, ఒక పెద్దాయన దగ్గుకుంటూ దగ్గుకుంటూ వెళ్తూ నా బండి వెనక్కి వచ్చేసరికి దగ్గు ఆగిపోయింది. ఓ అడుగు ముందుకేస్తే దగ్గు, వెనక్కొస్తే లేదు. ఆయన గట్టివాడు, ఇంక కదిలితేనా, అక్కడే స్టూలు వేయించుకుని కూర్చున్నాడు. మర్నాటికి నా బండి వెనక ఇంత పొడుగు లైను. ఆయాసం వాళ్ళు, ఉబ్బసం వాళ్ళు, ఏ జబ్బూ లేకపోయినా లైను ఉంది కదా అని నిలబడ్డవాళ్ళు. చివరికి ఆస్పత్రి డాక్టరు బయటికొచ్చి, బాబ్బాబు, నాకూ పెళ్ళాం పిల్లలున్నారు, బండి కాస్త వెనక వీధిలో పెట్టుకో అని చేతులు పట్టుకున్నాడు."

మెకానిక్ నమూనాగా తెచ్చిన కాగితం చుట్టని ఒళ్ళో పెట్టుకుని దాని మడతలు వేలితో సవరిస్తున్నాడు. నేను బల్ల మీది గ్లాసు చూస్తూ కూర్చున్నాను. ఎండ పడేసరికి నీళ్ళ మీద రంగులు తిరుగుతున్నాయి. చిన్నప్పుడు నీళ్ళ మీద అలాంటి రంగులు కనిపిస్తే సంబరపడేవాణ్ణి, ఇప్పుడు చూపు పక్కకి తిప్పుకున్నాను.

నిజం చెప్పాలంటే టాప్ గేరు చెప్పేది నమ్మాలనిపించింది. వేపుళ్ళూ చల్లగాలీ కాదు, ఆ జాలీ సంగతి. అలాంటిదొకటి కొని బండికి పెట్టేస్తే చాలు, ఇంక దేని గురించీ ఆలోచించనక్కర్లేదు అన్న ధీమా ఉందే, అది నమ్మాలనిపించింది. బడి వ్యాను నడిపే పెద్దాయనకీ అలాగే అనిపించినట్టుంది, ఆ జాలీ ఎక్కడ దొరుకుతుందని మెల్లిగా అడిగాడు.

టాప్ గేరుకి అంతకంటే ఏం కావాలి?

"దొరుకుతుందా? నాకిచ్చిన తర్వాత తయారు చెయ్యడం మానేశారు. ఎందుకో తెలుసా? ఇది అరగదు, పాడవదు, మరి రెండోది ఎవడు కొంటాడు? ఓసారి ఆ ఫ్యాక్టరీ పెద్దాఫీసరే వెతుక్కుంటూ మా ఇంటికొచ్చాడు. వెంట ఓ మందను తెచ్చుకున్నాడు, ఒక్కొక్కరి చేతిలో ఒక్కో పరికరం. మా ఇంటి నట్టింట్లో జాలీని చాప మీద పడుకోబెట్టి భూతద్దాలు పెట్టి వెతికారు, మురికి ఎక్కడైనా ఉందేమోనని. లేదు. మధ్యాన్నం భోజనం కూడా మా ఇంట్లోనే, మళ్ళీ వెతికారు. ఆఖరికి ఆఫీసరు కేకేశాడు, దొరికింది, మచ్చ దొరికింది అని. తీరా చూస్తే ఆ మచ్చ ఆయన భూతద్దం మీద ఉంది. దాన్ని కూడా నా జాలీతోనే తుడిచి పంపించాను. వెళ్ళేటప్పుడు ఆయన కళ్ళనీళ్ళ పర్యంతమై, అయ్యా, ఈ సంగతి బయటెక్కడా చెప్పకండి, మా ఫ్యాక్టరీ మూతపడుతుంది అన్నాడు. నేను మాట ఇచ్చాను. ఇవాళ్టి దాకా ఎవరికీ చెప్పలేదు."

"ఇప్పుడు చెప్పావుగా, బావా."

"మీరు బయటివాళ్ళా ఏంటి? నోరు మూసుకుని విను, అసలుది ఇప్పుడొస్తుంది. ఇదంతా విని రేవు నుంచి నాకు కబురొచ్చింది. నూనె మోసే పెద్ద ఓడ ఒకటి చిల్లుపడి సముద్రం మధ్యలో నిలబడిపోయింది. నూనంతా నీళ్ళలోకి. కనుచూపు మేర నలుపే. అలలు కూడా రావడం లేదు, నూనె బరువుకి లేవలేక మూలుగుతున్నాయి. పక్షులు వాలడానికి చోటు లేక గాల్లోనే నిలబడి నిద్రపోతున్నాయి. రేవు అధికారి నా కాళ్ళ మీద పడబోయాడు, లేపి నిలబెట్టాను. అయ్యా, నేను వ్యాను డ్రైవర్ని, నాకు ఈత రాదు, కానీ జాలీ ఉంది అన్నాను. ఇంజన్లోంచి జాలీ తీసి, లగేజీ కట్టే తాడు దానికి బిగించి, ఒడ్డున నిలబడి నీళ్ళలోకి విసిరాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా? సముద్రానికి సముద్రం కదిలింది. సంతలోకి జనం వచ్చినట్టు నీళ్ళన్నీ తోసుకుంటూ వచ్చి జాలీలోంచి దూరి అవతలికి వెళ్తున్నాయి. ఇటు నల్లగా వస్తున్నాయి, అటు అద్దంలా వెళ్తున్నాయి. చేపలు కూడా లైను కట్టాయి. వాటి పొలుసుల్లో ఇరుక్కున్న నూనె కూడా వదిలిపోవాలని ఒక్కొక్కటీ రెండేసి సార్లు దూరాయి. పొద్దు వాలే లోపల సముద్రం అడుగు దాకా కనిపించింది. అడుగున ఏమేం కనిపించాయనుకున్నారు? ఎప్పుడో మునిగిన పడవలు, లంగర్లు, ఎవరిదో కుట్టు మిషను. మా తాతగారు పోగొట్టుకున్న ఉంగరం కూడా అక్కడే ఉంది, మెరుస్తూ."

"మీ తాతగారు సముద్రం మొహం ఎప్పుడు చూశారు, బావా?"

"చూడలేదు. అందుకే ఉంగరం ఒక్కటే వెళ్ళింది."

అందరం పగలబడి నవ్వాం. మెకానిక్ కూడా నవ్వాడు. ఆ నవ్వు చూశాక టాప్ గేరు గొంతు కొంచెం మారింది. కోతలు కోసే మనిషికి తన కోత తనకే నిజమనిపించే ఘడియ ఒకటి వస్తుంది, అది వచ్చింది.

"నవ్వండి. కానీ ఆ రోజు ఒడ్డున నిలబడి అనుకున్నాను. మనం ఎన్ని బండ్లు నడిపాం, ఎంత నూనె తగలబెట్టాం. ఎవడో ఒకడు ఒక చుక్కయినా వెనక్కి తియ్యాలి కదా. నేను తీశాను. చుక్క మిగల్చకుండా మొత్తం తీశాను. నేను పోయాక కూడా ఆ జాలీ ఉంటుంది, మా అల్లుడి బండిలో, వాడి కొడుకు బండిలో. అందుకే అంటున్నాను, కాగితాలూ గీగితాలూ వద్దు. నాలాగా ఉండండి, అందరూ."

చెల్లెమ్మ అప్పటిదాకా టీ వడకడుతూ వింటోంది. గుడ్డలో మిగిలిన పొడిని పిండి, ఎక్కడ వెయ్యాలా అని ఒక్క క్షణం చూసి, పక్కనున్న మూకుట్లో వేసింది. తర్వాత చేతులు తుడుచుకుని అడిగింది.

"అన్నయ్యా, సముద్రంలో నూనంతా జాలీలోకే వచ్చిందన్నావు కదా?"

"చుక్క మిగలకుండా, చెల్లెమ్మా."

"మరి ఆ జాలీని ఎక్కడ కడిగావు?"

"ఎక్కడేంటి?" టాప్ గేరు జోరు తగ్గలేదు. "చుట్టూ అన్ని నీళ్ళు పెట్టుకుని ఇంకెక్కడికో పోతానా? అక్కడే, ఆ సముద్రంలోనే నాలుగుసార్లు జాడించి..."

అక్కడ ఆగిపోయాడు.

బావమరిది నవ్వబోయి నవ్వలేకపోయాడు. మా అందరి చూపూ కొట్టు వెనక్కే పోయింది. పంపు కింద ఒక బండరాయి ఉంది. టాప్ గేరు ఆయిల్ మార్చిన రోజు ఆ రాయి మీద కూర్చునే జాలీ తోముకుంటాడు. కిరోసినూ, అందులో కరిగిన నల్లనూనే రాయి మీంచి పంపు మొదట్లోకి జారిపోతాయి. అది మేమంతా ఎన్నోసార్లు చూసిందే. పక్కన నిలబడి ఆయన కబుర్లు వింటూ మేమే పంపు కొట్టి నీళ్ళు కూడా పోశాం. మా డబ్బాలు గోడ అవతల పడుతున్నాయి గనక అందరికీ కనిపించాయి. ఆయనది ఎక్కడా మిగల్లేదు గనక ఎవరికీ తట్టలేదు.

"మళ్ళీ అందులోకేగా, అన్నయ్యా" అంది చెల్లెమ్మ. దెప్పుతున్నట్టు అనలేదు. బిందె మోసి మోసి ఎర్రబడ్డ చేత్తో బల్ల మీది గ్లాసుని కాస్త ఆయన వైపు జరిపింది. "నేను బతికేది సముద్రం మీద కాదు. ఈ పంపు మీద."

టాప్ గేరు నోట ఇంకో కోత వస్తుందని ఎదురుచూశాం. వస్తే బాగుండుననే అనుకున్నాను నేనైతే, ఆయన మొహం చూడలేక. రాలేదు. లేచి నిలబడి ఆ గ్లాసు చేతిలోకి తీసుకున్నాడు. ఆ నీళ్ళు చెల్లెమ్మ కళ్ళ ముందు నుంచి తీసేద్దామనుకున్నాడో ఏమో, పారబొయ్యడానికి మెట్టు దిగాడు. మెట్టు పక్కన ఆమె పెంచుకునే పూల కుండీ ఉంది, దాన్ని దాటాడు. కాలవ దగ్గరికెళ్ళి వంగాడు, ఆ కాలవ పంపు పక్క నుంచే పోతుందని గుర్తొచ్చినట్టుంది, మళ్ళీ నిటారయ్యాడు. రోడ్డు వైపు చూశాడు. గోడ వైపు చూశాడు. గ్లాసు పట్టుకుని అటూ ఇటూ తిరిగి మళ్ళీ మా దగ్గరికే వచ్చాడు.

"మెకానిక్కూ, దీన్ని ఎక్కడ పొయ్యాలి?" అన్నాడు.

ఆయన ప్రశ్న వేస్తే జవాబు కూడా ఆయనే చెప్పుకోవడం మాకు అలవాటు. ఈసారి ఆయన నిజంగానే అడుగుతున్నాడని అర్థమయ్యాక మెకానిక్ ఒళ్ళోని కాగితం చుట్టని బెంచీ మీద పెట్టి, మూత ఉన్న ఖాళీ డబ్బా ఏదైనా ఉందేమో చూడ్డానికి షెడ్డులోకి వెళ్ళాడు. ఆయన తిరిగొచ్చే దాకా టాప్ గేరు ఆ గ్లాసుని రెండు చేతులతో పట్టుకుని, చుక్క కింద పడకుండా, అక్కడే నిలబడి ఉన్నాడు.