పిండి చెయ్యి

వంటింటి బల్ల మీద పాత కాలెండర్ కాగితాలు, ఎండిన నారింజ తొక్కలు, మైదా, ఉప్పు. క్రిస్మస్‌కి ఇంకో వారమే ఉంది. గోడలకు రంగులేసే ఆయన కాగితపు గొలుసు అతికిస్తున్నాడు, ఆయన భార్య పిండి కలుపుతోంది. ఇంట్లో ఉండేది ఆ ఇద్దరే.

“ఇంకొంచెం నీళ్ళు పొయ్యి.”

“వద్దండీ. జారైపోతుంది.”

“నాకు చెప్తావేంటి? రోజూ లప్పం కలిపే చేతులివి.”

“గోడ పగుళ్ళలో కూరే లప్పం వేరు, ఇది వేరు. మీరు ఆ గొలుసు సంగతి చూడండి. ఎంతదాకా వచ్చింది?”

“కిటికీ దాకా వచ్చింది. ఆగస్టు అయిపోయింది. సెప్టెంబరు కాగితం ఎక్కడా?”

“సెప్టెంబరు లేదు.”

“లేకపోవడమేంటి? పన్నెండు నెలల కాలెండరేగా?”

“మనింటికొచ్చిన ఏ కాలెండర్లో అయినా సెప్టెంబరు మిగిలిందా? వచ్చిన రోజే చింపేస్తాను కదా.”

“సరే సరే. అక్టోబరు ఇటివ్వు.”

“జిగురు పల్చగా రాయండి. ఉడకబెట్టిన మైదా అది, ఎక్కువైతే కాగితం చిరుగుతుంది.”

“ఎందుకే ఇంత అవస్థ? బజార్లో తళతళలాడే గొలుసులు బోలెడున్నాయి. ఒక్కసారి కొంటే పదేళ్ళు చూసుకోనక్కర్లేదు.”

“పదేళ్ళుంటుందనేగా మన పిడుగు వద్దంది. ‘అమ్మా, ప్లాస్టిక్ మట్టిలో కలవదంట, మనం చచ్చిపోయాక కూడా ఉంటుందంట, టీచర్ చెప్పింది’ అని ఇదే బల్ల ఎక్కి కూర్చుని మనిద్దరికీ క్లాసు పీకలేదూ?”

“ఐదేళ్ళకే ఆరిందా. ఇంట్లో ఉన్న మెరుపుల నక్షత్రాలన్నీ నా చేతే మూట కట్టించింది.”

“పండగైపోగానే అన్నీ పూలతొట్టిలో పాతించేది. తొక్కలు, పుల్లలు, కాగితాలు. పాతి, పైన నీళ్ళు కూడా పోసేది.”

“మొలుస్తాయనుకుందేమో.”

“తన చెయ్యి అచ్చు తీసి కాల్చిన పిండి చెయ్యి ఒక్కటే పాతనివ్వలేదు. గుర్తుందా?”

“ఊఁ.”

“‘నా చెయ్యి దాచండి, పెద్దయ్యాక ఎంత పెరిగానో పెట్టి చూసుకుంటా’ అంది.”

“ఊఁ... కొత్త ఇంటాయన మళ్ళీ ఫోన్ చేశాడు.”

“ఏమంటాడు?”

“తాళాలు ఎప్పుడు తీసుకుంటారని. రెండు గదులెక్కువ, వెలుతురుంటుంది, నా పనికి దగ్గర. ఆ గోడలన్నిటికీ నా చేత్తో రంగులేశాను. నువ్వు ఊఁ అంటే చాలు.”

“నేను రాను.”

“ఎందుకు రావో చెప్పవు.”

“చెప్పాను.”

“ఏం చెప్పావు? ‘దారి తెలీదు’ అన్నావు. ఎవరికి తెలీదు? నడిచిపోతే పావుగంట!”

“మీకు తెలుసు, నాకు తెలుసు. పిడుగుకి తెలీదు.”

“మళ్ళీ మొదలెట్టావా?”

“మీరేగా అడిగారు.”

“అడగడం నాదే బుద్ధితక్కువ. నేనోసారి పైకెళ్ళొస్తా.”

“పైన పనేంటి?”

“పై వాటావాళ్ళ గోడకి చెమ్మొచ్చిందట. చూసిపొమ్మన్నారు.”

“ఏటా డిసెంబర్లోనే వస్తుందేంటండీ వాళ్ళ గోడకి చెమ్మ?”

“చెమ్మకి నెలా రోజూ ఉంటాయా? ఇప్పుడే వస్తా.”

“కూర్చోండి. అక్టోబరు తడిగా ఉంది, వదిలేస్తే ఊడిపోతుంది. పిండి చెయ్యి పెట్టే రేకు డబ్బా అటక మీంచి దించాలి కదా, దాని సంగతేంటి?”

“రేపు దించుతాలే.”

“నిన్న దించాను.”

“నువ్వా? నిచ్చెనెక్కి?”

“ఆఁ.”

“నేను దించేవాణ్ణి కదా! ఎప్పుడూ నేనేగా... లోపల చూశావా?”

“చూశాను.”

“చూసి?”

“లేదు. ఈసారి ఇంకా రాలేదు.”

“రాలేదేంటి? ‘కనబడలేదు’ అనాలి. ప్రతి ఏడూ ఇదే మాట. ‘వచ్చిందండీ, వచ్చిందండీ’ అంటావు. అదేమన్నా బస్సెక్కి వస్తుందా?”

“రేపటికి వస్తుందా?”

“వస్తుంది. అంటే, కనబడుతుంది. మూల ఎక్కడో ఉంటుంది, నేను వెతుకుతాగా.”

“డబ్బా మూలల్లో పొడి ఉంది. పిండి పొడి. చీమలు పట్టాయి.”

“వానాకాలం చెమ్మ పట్టుంటుంది.”

“అన్నిటికీ చెమ్మేనా? ఉప్పు తక్కువైన పిండికే చీమలు పడతాయండీ. గిన్నెడు మైదాకి అరగిన్నె ఉప్పేసి కలిపితే ఏళ్ళ తరబడి ఉన్నా చీమ ముట్టదు. నేను కలిపే లెక్క అదే.”

“ఆ రోజు పొరపాటున ఓ గుప్పెడు తగ్గిందేమో.”

“తగ్గిందేమో. ఆ నారింజ తొక్కలిటు జరపండి. నక్షత్రాలు కోయాలి.”

“నువ్వు ఇంకోటి మనసులో పెట్టుకుని మాట్లాడుతున్నావు.”

“పోయినేడు కొలిచాను.”

“ఏం కొలిచావు?”

“పిండి చెయ్యి. మొదటిసారి వచ్చినప్పుడు, నా చేతి మీద పెట్టుకుంటే వేళ్ళ మొదటి గీత దాకే ఉంది. పోయినేడు రెండో గీత దాటింది. పెరిగిందండీ.”

“చెమ్మకి పిండి ఉబ్బ... సరే, చెమ్మ అనను. పాత పిండి ఉబ్బుతుంది.”

“ఉబ్బితే లావవుతుంది. వేళ్ళు పొడుగవుతాయా?”

“నీ కళ్ళకి అలా అనిపించుంటుంది.”

“చిటికెన వేలు మాత్రం అలాగే వంకర. తలుపు సందులో పడి నలిగిన వేలు. ఏ ఏడాదీ తప్పలేదు.”

“మరింకేం? మన పిల్ల చెయ్యేగా. ఇంకెవరిదవుతుంది?”

“నేనూ అదే అనుకున్నాను. అందుకే కొలత పెట్టుకుని ఏడాదికో గౌను కుట్టాను.”

“ఏం గౌను?”

“ఆ వేళ్ళకి ఎంత చెయ్యి ఉంటుంది, ఎంత భుజం ఉంటుంది అని లెక్కేసి కుట్టాను. బీరువాలో మీ చొక్కాల వెనకాల ఐదున్నాయి.”

“ఐదా? అవన్నీ ఎవరో కుట్టమన్నారని చెప్పావుగా!”

“చెప్పాను.”

“పిచ్చిదానా... నీకు భయం వెయ్యలేదూ?”

“మొదటిసారి వేసింది. తర్వాత్తర్వాత ఎదురుచూడ్డం అలవాటైంది. డిసెంబరొస్తే చాలు, అటక వైపే చూస్తుంటాను. ఈసారి ఎంత అయ్యిందో, వేళ్ళు ఎంత సాగాయో అని.”

“ఇలాంటివి నాతో ఒక్కసారి కూడా అనలేదు నువ్వు.”

“అంటే డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళేవారు.”

“నేను ఎందుకు తీసుకెళ్తానే...”

“పొద్దున మెట్ల మీద పైవాళ్ళ పాప కనబడింది.”

“ఏ పాప?”

“పైన ఎంతమంది పాపలున్నారండీ? పిడుగుతో ఆడుకునేది. ఇద్దరిదీ ఒకే ఈడు. ఎప్పుడూ నన్ను చూస్తే తలొంచుకుని పరిగెత్తేది, ఇవాళ తనే ఆగింది.”

“ఆగి?”

“మీ గొలుసు జారుతోంది, పట్టుకోండి.”

“ఆగి ఏమంది అంటున్నా.”

“‘ఆంటీ, ఈసారైనా నా చిటికెన వేలు వంచి పట్టుకోవద్దని అంకుల్‌తో చెప్పరూ, నొప్పేస్తుంది’ అంది.”

“ఆ... ఆ నవంబరు కాగితం ఇటివ్వు, కత్తిరిస్తా.”

“ఆ కత్తెర కింద పెట్టండి. చెయ్యి తెగుతుంది.”

“అది... చిన్నపిల్ల, ఏదో...”

“పిల్ల మీదకి తొయ్యకండి. అబద్ధమా, నిజమా?”

“నిజమే.”

“ఎన్నాళ్ళ నుంచి?”

“మొదట్నుంచీ.”

“మొదట్నుంచీ అంటే?”

“సెప్టెంబర్లో పిడుగు పోయింది, ఆ ఏడాది పండక్కి నువ్వు మంచం దిగలేదు. ఇంట్లో ఒక్క నక్షత్రమైనా కట్టకపోతే దానికి కోపమొస్తుందని నేనే డబ్బా దించాను. చెయ్యి లేదు. ఇల్లంతా తవ్విపోశాను, ఎక్కడా లేదు. అంతకుముందే ఇంటికి రంగులేశాను కదా, ఊరికే కూర్చుంటే పిచ్చెక్కుతోందని? పాత పేపర్లు, పనికిరాని సామాను మూటలు కట్టి చెత్తబండిలోకి విసిరింది నేనే. వాటిల్లో పోయింది.”

“వాటిల్లో పోయిందనుకున్నారు.”

“ఇంకెలా పోతుంది? నీకు ఏమని చెప్పను? దాని ఆనవాలు ఆ ఒక్కటీ మిగిలింది మనకి. పైకెళ్ళాను. వాళ్ళమ్మ కాళ్ళ మీద పడినంత పని చేశాను. పిండి నేనే కలిపాను, వాళ్ళ పాప చెయ్యి అచ్చు తీసి వాళ్ళ ఓవెన్లోనే కాల్చాను. వేలు... వేలు నేనే వంచి పట్టుకున్నాను.”

“దాంతో ఆపొచ్చుగా.”

“అదే ఎప్పటికీ ఉంటుందనుకున్నాను. వానలొచ్చేసరికి పొడైపోయింది. ఉప్పెంతో నాకేం తెలుసు? మళ్ళీ చేశాను, మళ్ళీ పొడైపోయింది. ఆ పిల్ల పెరుగుతోందని నాకు తట్టనే లేదు. నా కళ్ళకి పిడుగు ఈడు పిల్లంతే, ఐదేళ్ళ పిల్లే.”

“ఆ పిల్ల పెరగదా మరి?”

“ప్రతి ఏడూ ఈసారి ఆపేద్దామనే అనుకుంటా. కానీ మొదటిసారి డబ్బా తెరిచి, దాన్ని చూసి నువ్వు ఏడ్చావు చూడు... నవ్వుతూ ఏడ్చావు. మూడు నెలలకి ఆ రోజే ఇంత తిన్నావు. జుట్టు దువ్వుకున్నావు. ఇంక నేనెలా చెప్పను?”

“ఎందుకు నవ్వానో అడిగారా?”

“గుర్తొచ్చి నవ్వావనుకున్నా.”

“అడగలేదు.”

“అడగలేదు. తిట్టు, కొట్టు, నీ ఇష్టం. కొత్త ఇంటికి రాకపోయినా సరే, ఇక్కడే పడుందాం. పిల్ల గురుతు చెత్తబండి పాలు చేసిన పాపిష్టి చేతులివి.”

“మీరు పారెయ్యలేదండీ.”

“నన్నిప్పుడు ఓదార్చకు.”

“ఓదార్చట్లేదు. మీరు దించేసరికే ఆ డబ్బాలో చెయ్యి లేదు. చెత్తలోకీ పోలేదు.”

“మరెక్కడికి పోయింది?”

“పిడుగుతో పాటే మట్టిలోకి. ఆ రోజు పెట్టె మూత వేసేముందు, దాని గుండెల మీద నేనే పెట్టాను.”