సిమెంటు తొట్టిలో బాప్తిస్మం

బెజవాడకి దిగువన, బందరు కాలవ గట్టు మీది చర్చి. మేనకోడలి బాప్తిస్మానికి బెజవాడ నుంచి వచ్చిన అక్క గుమ్మంలోనే ఆగిపోయింది.

“వినీలకి ఈ సిమెంటు తొట్టిలోనా? మనం కాలవలోనే తీసుకున్నాం కదరా!”

“ఇప్పుడందులో దిగితే ఒళ్ళంతా దద్దుర్లక్కా. పైనుంచి మురుగొస్తంది.”

“ఎవరు వదుల్తున్నారో వెళ్ళి నిలదీయొద్దూ?”

“మొన్న పాస్టరుగారితో కలిసి గట్టెంబడే బెజవాడ దాకా వెళ్ళాం. మురుగు గొట్టం మీ అపార్ట్‌మెంట్ వెనకే ఉంది.”

“మరి ఇంట్లోకి రాలేదేంరా?”

“నువ్వు బాల్కనీలో బట్టలారేస్తున్నావు. అందరూ పైకి చూసి తిడుతున్నారు. మా అక్కేనని చెప్పడానికి నోరు రాలేదు.”

అక్క కొంగు తల మీదికి లాక్కుంది.

“లోపలికి పదక్కా. వినీల తొట్టిలోంచి లేవగానే మేనత్తవి, తువ్వాలు నువ్వే కప్పాలి.”

“వద్దురా. నేను వెనక వరసలో కూర్చుంటాను.”