అయిదో పేరు

అధ్యక్షులు కర్నల్ వెదరాల్ గారికి, ఈ ఎండలో స్పానిష్ టౌన్ నుంచి బండి కట్టించుకుని వచ్చిన పెద్దలకు, రెజిమెంటులో నాతోపాటు చెమటోడ్చిన మిత్రులకు, తలుపు దగ్గర నిలబడ్డ సార్జెంట్లకు కూడా, ఈ మేజర్ లూషియన్ పెన్‌మోర్ వందనాలు.

నా గుండె దడదడలాడుతోంది. ముప్ఫయ్యొక్క ఏళ్ళ కొలువులో తుపాకుల ఎదుట కూడా ఇంత దడ పుట్టలేదు. కారణం చెబుతాను, తొందరపడకండి, శనివారం దాకా నా ఓడ కదలదు. (నవ్వులు)

నేను ఈ జమైకాలోనే, సెయింట్ ఎలిజబెత్‌లో, మా నాన్న పశువుల దొడ్ల మధ్య పుట్టాను. ఇంగ్లండు దొరలు నన్ను చూసి "మనవాడే గానీ ఎండకు కాస్త మాగాడు" అనేవారు. అక్కడి సైనిక పాఠశాలలో మొదటి చలికాలం రెండు కంబళ్ళు కప్పుకుని, బామీ రొట్టె, చేపల వేపుడు తలుచుకుని ఏడ్చినవాణ్ణి నేను. ఇప్పుడు కొలువు చాలించి ఇంగ్లండు ఓడెక్కుతున్న నన్ను మీరంతా "ఇంటికి వెళ్తున్నారు, అదృష్టవంతులు" అంటున్నారు. సరే, కానివ్వండి.

ఇక మన ఆఫీసర్ల భోజనశాల, ఈ మెస్ ఆచారం. సెలవు తీసుకునేవాడు తన కుటుంబం పేర్లు ఒక్కొక్కటే చదవాలి, ప్రతి పేరుకూ అందరూ గ్లాసెత్తాలి. నా భార్య కాన్‌స్టెన్స్ చక్కగా రాసిచ్చి, "నాలుగే పేర్లు, తడబడకండి" అంది. నాన్న ఆర్థర్, అమ్మ హెన్రియెటా, కాన్‌స్టెన్స్, మా అమ్మాయి రోవెనా. నాలుగింటికీ తాగారు, సంతోషం. అప్పుడే కూర్చోకండి, ఇంకొకటుంది.

కాన్‌స్టెన్స్, నన్నలా చూడకు.

లెఫ్టినెంట్ ఫాన్‌షా, నువ్వు ఇంగ్లండు నుంచి దిగి వారం కాకముందే ఈ బల్ల దగ్గర, "సార్, మన సార్జెంట్ మేజర్ స్వాబీకి కోపమొస్తే అచ్చం మీలాగే ఎడమ కనుబొమ ఎగురుతుంది" అన్నావు గుర్తుందా? అందరూ సూపు గిన్నెల్లోకి తలలు దించేశారు. జమైకాలో పుట్టినవాడెవడూ చెయ్యని తప్పది, అందరికీ తెలిసిన సంగతి పైకి అనేయడం. కింగ్‌స్టన్ అంతటికీ తెలుసు. పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగినట్టు మా ఇంటివాళ్ళమే ఇన్నాళ్ళూ నెట్టుకొచ్చాం.

ఒబాదయా స్వాబీ మా నాన్న కొడుకు. నాకన్నా అయిదు నెలలు పెద్ద. వాళ్ళమ్మ మా ఇంట్లో బట్టలుతికేది. ఒకే కంచరగాడిద మీద ముందు అతను, వెనక నేను కూర్చుని స్వారీ నేర్చుకున్నాం. నేను కొత్త లెఫ్టినెంటునై ఈ కవాతు మైదానంలో అడుగుపెట్టిన రోజున అతను సిపాయిల వరసలో నిలబడి ఉన్నాడు. "ఇతను నీకు తెలుసా?" అని అప్పటి కర్నల్ అడిగాడు. "మా ఊరివాడు" అన్నాను. అంతే అన్నాను. ఆనాటి నుంచీ అతను సెల్యూట్ కొడుతూనే ఉన్నాడు, నేను సిగ్గుతో చస్తూనే ఉన్నాను.

ఓడెక్కాక ఈ మాట ఎవరికి చెప్పుకోను? అందుకే అయిదో పేరు చదువుతున్నాను. మా అన్న, ఒబాదయా.



కర్నల్ గారూ, తమ గ్లాసు లేవలేదు. అదిగో, ఫాన్‌షా ఎత్తాడు. కాన్‌స్టెన్స్, నువ్వూ ఎత్తావా... నాకది చాలు. ఎవరక్కడ, నా పక్కన ఓ కుర్చీ వేయండి.

తలుపు దగ్గర నుంచి ఏమిటంటున్నావు అన్నా? గట్టిగా అను, అందరినీ విననీ.

"కుర్చీ ఒద్దులెండి మేజర్ గారూ. ఈ గదిలో తెలీనోళ్ళెవరున్నారు గనక? ఇన్నేళ్ళూ నే ఎదురుచూసింది కూచోడానిక్కాదు. చదివేదేదో మా అమ్మ పేరు కూడా చదవండి."

నిజమే. ఆవిణ్ణి ఇందాక కూడా "వాళ్ళమ్మ" అనే అన్నాను.

లియొనోరా స్వాబీ.

గ్లాసులెత్తిన వారికి కృతజ్ఞతలు. ఎత్తనివారు ఎత్తేదాకా నేను నిలబడే ఉంటాను. ఆ తర్వాతే సెలవు.