రిజిస్టరులో పెద్దవాడు

ఏంటీ, మీ ఆఫీసులో ఎవరో పుట్టిన తేదీ తప్పు పడిందని కోర్టుకెక్కాడా? ఇంకెంత ఉందట సర్వీసు? ఆరు నెలలా! అందరికీ అప్పుడే గుర్తొస్తుందమ్మలూ. నవ్వకు, నవ్వకు. నేనూ అట్లా నవ్వినవాణ్ణే, మా వాల్వన్న సంగతి జరిగేదాకా. నీకు తెలీదులే, నువ్వు పుట్టకముందే పోయాడు. మా నీళ్ల ఆఫీసులో వాల్వులు తిప్పే మనిషి. వాల్వు తిప్పే తాళంచెవి, మనిషంత పొడుగు ఇనప కడ్డీ, భుజానేసుకుని, వాడి సైకిలు ఎటు తిరిగితే ఆ వీధి ఆడవాళ్లు బకెట్లు బయట పెట్టేవాళ్లు. గడియారంతో పనేముంది, వాడుండగా!

వాళ్ల నాన్న మా దగ్గరే పంపు ఆపరేటరు, డ్యూటీలోనే పోయాడు. మూడో వారానికి వాళ్లమ్మ పిల్లలిద్దర్నీ వెంటబెట్టుకొచ్చింది. వీడు తండ్రి చొక్కా తొడుక్కొచ్చాడు, చేతులు మూడు మడతలు పెట్టి. మీసం కూడా రాలేదింకా. మా సూపరింటెండెంటు ఎగాదిగా చూసి "ఎన్నేళ్లమ్మా?" అంటే, ఆవిడ ఉన్న మాట చెప్పేసింది, "పదిహేను నిండాయి బాబూ" అని. ఆయన కళ్లజోడు తీసి, "పదిహేనంటే ఉద్యోగం ఇవ్వనివ్వరమ్మా. పద్దెనిమిది నిండాయి కదూ? బాగా గుర్తు చేసుకో" అన్నాడు. ఆవిడ తెల్లమొహం వేసుకుని చూస్తోంది. పక్కనున్న వాళ్లక్క, పదిహేడేళ్ల పిల్ల, చటుక్కున అందుకుని "నిండాయండీ!" అంది. ఆయన నాకేసి తిరిగి "రాసెయ్యవోయ్" అన్నాడు. నాకప్పుడు పంతొమ్మిది, కొత్త గుమాస్తాని. వేళ్ల మీద లెక్కేసి మూడేళ్లు వెనక్కి జరిపాను. రోజూ నెలా ఏం వేయాలో తోచక నావే వేశాను. మంచి పనే చేశామనుకున్నాం అందరం. మంచిదే మరి, ఆ ఇంట్లో పొయ్యి వెలిగింది కదా.

నలభై ఏళ్లు గడిచాయి. ఓ రోజు వాడికి కాయితం వచ్చింది, యాభై ఎనిమిది నిండుతున్నాయి, ఆరు నెలల్లో దిగిపొమ్మని. వాడికి నిజంగా యాభై అయిదే. కూతురు నర్సు చదువు మధ్యలో ఉంది. మూడేళ్లంటే తక్కువా? లాయరు దగ్గరికి పరిగెత్తాడు. ఆయన ఊళ్లో బడులన్నీ తిరిగాడు, వీడి పేరు ఎక్కడా దొరకలేదు గానీ అక్కని బళ్లో చేర్చుకున్నప్పటి పాత పుస్తకం ఒకటి పట్టుకొచ్చాడు. "ఇదుగో, మీ అక్క అసలు వయసు యాభై ఏడు. ఆవిడ బోనెక్కి, వీడు నాకన్నా చిన్నవాడు, నేనే ఎత్తుకుని తిప్పాను అంటే చాలు, రిజిస్టరు తప్పని తేలిపోతుంది" అన్నాడు. తేలుతుంది సరే. ఆ అక్క ఏం చేస్తోందనుకున్నావు? మొగుడు పోయాక బళ్లో ఆయాగా చేరింది. వయసు దాటిపోయిందని అక్కడెవరో ఆవిడకి నాలుగేళ్లు తగ్గించి రాశారు. ఆ పుస్తకం కోర్టులో తెరిస్తే ఆవిడ ఉద్యోగం అక్కడికక్కడే పోయినట్టు. కాయితాల్లో తమ్ముడు అక్క కంటే అయిదేళ్లు పెద్ద! ఎట్లా ఉంది?

వాయిదా రోజున కోర్టులో మొదట నన్ను పిలిచారు. అప్పటికి నేను రిటైరై ఏడాది, పింఛను ఫైలు ఇంకా బల్లల మీదే తిరుగుతోంది. "ఈ దస్తూరి మీదేనా?" "నాదేనండీ." "ఈ తేదీ మీకెవరు చెప్పారు?" ఎవరూ చెప్పలేదు, నేనే వేశాను అంటే ఏమవుతుందో! "నలభై ఏళ్ల నాటి మాట, గుర్తు లేదండీ" అన్నాను. దిగొస్తూ వాడికేసి చూడలేకపోయాను. తర్వాత అక్కని పిలిచారు. బడి యూనిఫాం చీరలోనే వచ్చింది మహాతల్లి, మధ్యాహ్నం గంటకి మళ్లీ బడికి పోవాలట. అన్నీ తెలిసే వచ్చింది. "పోతే పోనీయ్, ఆ రోజు నిండాయండీ అన్న నోరు నాదే కదా" అంది నాతో వరండాలో. బోనెక్కింది, ఇంకా ప్రమాణం చేయించలేదు, వీడు లేచి చేతులు జోడించాడు. "అయ్యా, ఆవిణ్ణేమీ అడగొద్దండీ." జడ్జిగారు "ఏం, ఆవిడ నీకేమవుతారు?" అన్నారు. వీడు తల వంచుకుని, "చెల్లెలండీ" అన్నాడు. లాయరు కోటు సర్దుకోబోయి అట్లాగే ఉండిపోయాడు. అక్క బోనులోంచి ఒక్క అరుపు, "ఒరేయ్! ఎవర్రా నీకు చెల్లెలు?" అని. హాలంతా నవ్వు. జడ్జిగారు నవ్వలేదు. ఇద్దరి మొహాలూ మార్చి మార్చి చూసి, "అంటే రిజిస్టరులో ఉన్నదే సరైందంటావా?" అన్నారు, నెమ్మదిగా. "సరైందేనండీ. దావా మానుకుంటానండీ." ఆయన మరో మాట అడక్కుండా ఆవిణ్ణి దిగమన్నారు. బయటికొచ్చాక వాణ్ణి చేతిసంచీతో బాదింది చూడూ, ఏడుస్తూనే బాదింది. "నన్ను కన్నావురా నువ్వు? నాకు ఉద్యోగం దానం చేస్తావా?" వాడు చేతులడ్డం పెట్టుకుని "బడి టైమైందే చెల్లీ, పోవే" అంటాడు!

ఆ నెలాఖరుకి దిగిపోయాడు. ఇళ్లలో కుళాయి పనులు చేసి పిల్ల చదువు పూర్తి చేయించాడు. అక్క అయిదేళ్లూ చేసింది, ఆర్నెల్లు మాత్రం వాడితో మాట్లాడలేదు. నాతో ఎప్పటిలానే ఉండేవాడు. మన ఇంటి కుళాయి కూడా వాడే చూసేవాడు. ఓసారి సింకు కింద దూరి వాషరు మారుస్తుంటే ధైర్యం చేశాను. "ఒరే, ఆ రోజు కోర్టులో నేనూ..." అని మొదలెట్టాను. తల బయటికి పెట్టనేలేదు. "నలభై ఏళ్లయింది కదన్నా, ఎవరికి గుర్తుంటుంది" అన్నాడు. అంతే, ఎంతో మామూలుగా. వెక్కిరించాడా, వదిలేశాడా... ఆ తర్వాత ఎంతో కాలం బతకలేదు వాడు. నేనూ మళ్లీ ఆ మాట...

ఆ కిటికీ తలుపు కాస్త దగ్గరికి వెయ్యమ్మలూ, ఎండ మొహాన కొడుతోంది.