తారీఖు లేని రాజీనామా

పావగడ, 1985 మే నెల, మధ్యాహ్నం. సోషలిస్టు పార్టీ తాలూకు ఆఫీసులో ఇద్దరే ఉన్నారు: పార్టీ కార్యదర్శి నల్లప్ప, ఆ పార్టీ తరఫున ప్రభుత్వ కరువు కమిటీకి అధ్యక్షుడైన నరసప్ప.

"కూర్చోమని కూడా అనవా నల్లప్పా?"

"నీకు గవర్నమెంటోళ్లు కుర్చీ ఇచ్చినారు గదప్పా. ఈడ చాపే ఉండాది."

"చాప మీదనే కూర్చుంటాలే. రేపు నా కమిటీ ఆఫీసు ముందర ధర్నా అంట."

"అంట ఏంది? నోటీసు నీ టేబుల్ మీదనే పెట్టొచ్చినా. రాయచెర్లు ఊర్లో కరువుకి పెట్టిన గంజికేంద్రం మూసినారు. తెరిచేదాకా లేచేది లేదు."

"వాన పడిందని రిపోర్టు వచ్చినాది. వాన పడితే మూయల్ల. అది రూలు."

"వాన యాడ పడింది?"

"కొలిచినారు."

"యాడ కొలిచినారని అడుగుతాండా."

"కమిటీ ఆఫీసు మిద్దె పైన."

"పావగడలో మీ మిద్దె మీద పడిన వానకి రాయచెర్లులో శెనక్కాయ మొలుస్తాదా? ఆడ ఇత్తనాలు కూడా వేయించుకొని తినేసినారు. తొంభై మంది ఆ గంజి మీదనే ఉండేది. ఆ మూల చెంబు చూడు. ఆడ గంజి తాగే ఎల్లక్కది. రెండు దినాలు పోయి బీగం చూసి తిరుక్కోనొచ్చింది. తెరిచినాక తీసుకుంటానని ఈడ పెట్టిపోయింది. ఆ రిపోర్టు కింద సంతకం ఎవురిది?"

"దినానికి నలభై కాయితాలు వస్తాయి..."

"ఎవురిది?"

"నాదే. అన్నీ చదివేకి అవుతాదా?"

"గవర్నమెంటు ఎదుటి పార్టీది అయినప్పుడు వాళ్ల కాయితాలు అన్నీ చదువుతాంటివే. కామాలతో సహా."

"ఎగతాళి చాలు. రాయచెర్లుకి మా ఇంట్లో నుంచి రెండు మూటల రాగులు పంపిస్తా. ఎవురికీ చెప్పొద్దు."

"హక్కు అడిగేకి వస్తే ధర్మం చేస్తానంటావు. మనం ఇదేనా నేర్చుకునింది?"

"మరి ఎవురి మీద అరుస్తావు నువ్వు? ముప్పై ఏండ్లు గవర్నమెంటు దిగిపోవల్ల అని అరిచినాం. ఇప్పుడుండేది మన గవర్నమెంటు. జెండా మనది, కుర్చీ మనది."

"ఆకలి కూడా మనోళ్లదే."

"ఎల్లుండి మంత్రి వస్తాండాడు. మన మంత్రి వచ్చే ముందర మన పార్టీ ధర్నా. పేపరోళ్లు ఊరుకుంటారా? నా కుర్చీ పోతే దాంట్లో కూర్చునేది ఎవురో తెలుసా? నూనె మిల్లు అశ్వత్థనారాయణ. ఉండే కేంద్రాలు కూడా మూసి పారేస్తాడు. అప్పుడు చేసుకో ధర్నా, తృప్తిగా."

"అతను మూస్తే పగోడు మూసినాడు అనుకుంటాం. నువ్వు మూస్తే ఏమనుకోవల్ల?"

"లోపల ఉంటేనే పని అయ్యేది. బయట నిలబడి అరిస్తే గొంతు పోతాది, అంతే."

"లోపలికి పోయి ఏడాదాయె. ఏం పని అయింది? నీకు జీపు వచ్చింది."

"జీపు కమిటీది."

"ఊ, కమిటీదే. తోలేది నీ అల్లుడు."

"నోరు జారొద్దు నల్లప్పా."

"ఆ బీరువాలో ఏం ఉండాదో గుర్తుండాదా నీకు?"

"ఆ మాట ఇప్పుడెందుకు?"

"పార్టీ మనిషి ఎవురు గవర్నమెంటు కుర్చీ ఎక్కినా, ముందు రాజీనామా రాసి, సంతకం పెట్టి, తారీఖు వెయ్యకుండా కార్యదర్శి చేతికి ఇచ్చి పోవల్ల. దారి తప్పితే కార్యదర్శి తారీఖు వేసి పంపిస్తాడు. ఆ కట్టుబాటు పెట్టింది నువ్వే."

"తారీఖు లేకుంటే అది ఉత్త కాయితం. యాడా చెల్లదు."

"తారీఖు వేసేకి ఎంతసేపు?"

"బెదిరిస్తాండావా?"

"ఊ."

"బళ్లారి జైల్లో పక్కపక్కన పండుకున్నాం. చలిజ్వరంతో నువ్వు వణుకుతాంటే నా కంబళి నీకు కప్పి, నేను గోడకి ఆనుకొని తెల్లారేదాకా కూర్చుంటి. ఆ మనిషినా బెదిరించేది?"

"ఆ మనిషి యాడికి పోయినాడా అని నేనూ వెతుకుతాండా."

"సరే. నీకేం కావల్ల?"

"కేంద్రం తెరవమని ఆర్డరు. నీ సంచిలో కమిటీ కాయితాలు, సీలు ఉంటాయి. ఈడనే రాయి."

"రాస్తే?"

"ధర్నా ఉండదు. రాజీనామాకి కూడా భయపడే పని ఉండదు."

"పెన్ను ఇయ్యి... ఇదో, అయింది. సంతకం, సీలు. నీ పెన్ను పట్టుకో."

"కండ్లద్దాలు ఇంట్లో మర్చిపోయినా. నువ్వే చదువు."

"'రాయచెర్లు గంజికేంద్రాన్ని వెంటనే తెరిచి, పంట చేతికి వచ్చేదాకా నడపవలెను.' చాలునా? ఇంక నా రాజీనామా ఇయ్యి."

"లేదు."

"మాట తప్పుతాండావు."

"బీరువాకి బీగం లేదు. చూసుకో పో."

"యాడుండాది? ఎవురికిచ్చినావు? అశ్వత్థనారాయణకా?"

"నువ్వు కుర్చీ ఎక్కిన దినమే పొయ్యిలో వేసినా. కంబళి కప్పిన మనిషి దగ్గర కాయితం రాయించుకునేది ఏందని సిగ్గయింది. ఇంతసేపూ ఉత్త మాటతోనే బెదిరించినా. ఆర్డరు ఇంకా నీ చేతిలోనే ఉండాది. చించుకుంటావో, ఇస్తావో, నీ ఇష్టం."





"పెన్ను ఇంకోసారి ఇయ్యి నల్లప్పా. నేను ఈ ఆర్డరుకి తారీఖు వెయ్యలేదు."