తండ్రి ఉండగా మీసం

చల్లపల్లి సెంటర్లో సెలూన్ ముందు బెంచీ మీద ఒక పెద్దాయన, లండన్ నుంచి వారం సెలవు మీద వచ్చిన ఆయన కొడుకు కూర్చున్నారు. కొడుకు అక్కడి సినిమాల్లో, టీవీ సీరియళ్లలో చిన్నచిన్న వేషాలు వేస్తుంటాడు. పొద్దుటి నుంచీ వాడు మీసం తడుముకోవడం పెద్దాయన కనిపెడుతూనే ఉన్నాడు.

“ఏంట్రా, దాన్నలా నిమురుతున్నావు?”

“జడ్జి వేషం వచ్చింది నాన్నా. మీసం తీసెయ్యమంటున్నారు.”

“తండ్రి పోతేనే గదరా మన ఇళ్లలో మీసం తీసేది! ఊళ్లోవాళ్లు నా పెద్దకర్మ భోజనాలు ఎప్పుడని అడుగుతారు.”

“అందుకే నిన్నడుగుతున్నా.”

“ఇన్నేళ్లూ ఆ మీసంతోనేగా టాక్సీలు తోలావు, మందులమ్మావు, దొరసానికి గుండె ఆపరేషను కూడా చేశావు. నీ పేరు చెప్పి నేను టీకొట్టు దగ్గర మోకాళ్ల నొప్పులకి వైద్యం చేస్తున్నా.”

“వాటిలో ఒక్కదానికీ పేరు లేదు నాన్నా. టాక్సీవాడు, డాక్టరు, అంతే. ఈ జడ్జికి పేరుంది. కథ మొత్తం ఉంటాడు. నాకు యాభై దాటాయి, ఇలాంటిది మళ్లీ రాదు.”

“లేని మీసం అంటిస్తారు గదా, ఉన్నదాన్ని కనపడకుండా చెయ్యలేరా?”

“చెయ్యలేరు.”

“అక్కడే గీసేసుకుంటే నాకెవడు చెప్పేవాడు?”

“టీవీలో నువ్వే చూస్తావుగా. వద్దంటే మానేస్తా.”

పెద్దాయన పంచె దులుపుకుని లేచాడు.

“పద లోపలికి. నేనూ పక్క కుర్చీలో కూర్చుని గడ్డం గీయించుకుంటా. తలుపులు బార్లా తీసిపెట్టమను, నేనున్నానని అందరూ చూడాలి.”