చుక్కల మాస్టారి నాలుగు నిమిషాలు

కెమెరా లేకుండా సినిమా ఎలా తీస్తారంటావా? కూర్చో అమ్మడూ, నాలాంటి ఆపరేటరుంటే కెమెరా ఎందుకు! నేను చెయ్యేస్తే ప్రొజెక్టరు పెంపుడు పిల్లిలా గురగురలాడేది. పొరుగూరి మిషను మొరాయించినా, ఫోన్లో నా గొంతు వింటే చాలు, దారికొచ్చేది. నవ్వకు. ఆఁ, చుక్కల మాస్టారు. బళ్ళో డ్రాయింగు చెప్పేవాడు. నేను పారేసే పాత ఫిల్ము పట్టుకెళ్ళి, దాని మీది బొమ్మంతా కడిగేసి, ఒక్కో గడిలో రంగు సిరాతో చుక్కలు, గీతలు వేసేవాడు. కథ లేదు, మనిషి లేడు. గోరంత గడి, సెకనుకి ఇరవై నాలుగు! ఆర్నెల్లు వేస్తే నాలుగు నిమిషాల సినిమా వచ్చింది. వాళ్ళావిడైతే, "ఆయన చుక్కలు పెట్టేది ఫిల్ముకి, చూపించేది నాకు, అదీ పట్టపగలు" అనేది. హాలు ఓనరుని ఒప్పించిందెవరు? నేనే! ఊళ్ళో ఉన్నది ఆ ఒక్క హాలే. ఓనరు బొంగురు గొంతుతో, "మాస్టారూ, ఇంటర్వెల్లో ఒక్కసారి వేస్తాం. జనం గోల చేశారో, మళ్ళీ నా గడప తొక్కకూడదు" అన్నాడు.

ఆ రోజు మ్యాట్నీ. ఏ రీలైనా ఎక్కించే ముందు మరకలు పోగొట్టే మందులో తడిపిన గుడ్డతో తుడవాలి, అది మా పనిలో నియమం. నోరు కబుర్లు చెబుతోంది, చెయ్యి దాని పాటికది మాస్టారి రీలుని తుడుచుకుపోయింది. చూసుకునేసరికి గుడ్డ నిండా ఎరుపు, నీలం, పసుపు. ఫిల్ము గాజులా ఖాళీ. సగం పోయిందమ్మా. తలెత్తితే గుమ్మంలో మాస్టారు! చెడామడా తిడతాడనుకున్నా. గుడ్డ వంక చూశాడు, ఫిల్ము వంక చూశాడు. "ఇంటర్వెల్‌కి ఎంతసేపుంది?" అన్నాడు. గంటన్నాను. సంచీలోంచి సిరాబుడ్లు తీసి నా ముందు పెట్టి, "ముంచవయ్యా వేళ్ళు" అన్నాడు. ఒక చేత్తో ఆట నడిపాను, రెండో చేత్తో ఫిల్ము పొడుగునా వేలిముద్రలు వేశాను. అలా ఇంకెవడన్నా చెయ్యగలడా, చెప్పు!

తెర మీద నా బొటనవేలు మేడంత! దాని గీతలు సుడులు తిరుగుతూ, ఎరుపు నీలంలోకి దూకుతూ... ముందు వరసలో ఒకడు "ఏంట్రా ఇది?" అంటే పక్కవాడు "నోర్మూసుకుని చూడరా" అన్నాడు. చప్పట్లకి పైకప్పు రేకులు రెండు లేచిపోయాయి, ఒట్టు. ఓనరు రొప్పుతూ మెట్లెక్కొచ్చి, "మాస్టారూ, ఆ సుడులెలా వేశారండీ? వచ్చే నెల ఇంకోటి పట్రండి!" మాస్టారు నా భుజమ్మీద చెయ్యేసి, "ఆ సగం ఈయన చేశాడు" అన్నాడు. అంతే. తుడిచేసిన సంగతి ఎత్తలేదు. పోయేదాకా ఎవరి దగ్గరా ఎత్తలేదు. నేనూ నలభై ఏళ్ళుగా ఆ సగం నాదేనని ఊరంతా చెప్పుకు తిరిగాను. అబద్ధమైతే కాదుగా... ఆ చెరిగిన సగంలో ఏముండేదో, ఆయన తప్ప ఇంకెవరూ చూడనే లేదు...

ఆ కళ్ళజోడు ఇలా అందుకో, పేపరు చూడాలి.